గతకాలపు చలనచిత్రముల అన్వేషణ

(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



ఈ రజతోత్సవ సభలో నన్ను కూడ నాలుగు మాటలు చెప్పుమని కార్యదర్శిగారు ఆదేశించినప్పుడు నేను కొంత సంకోచించితిని. నేను పండితుడను గాను. మా తండ్రిగారు ఈ గ్రామమునకు కరణముగా నుండిరి. 1984లో ఆ పదవులు రద్దయినవి. లెక్కపుస్తకము ముందు కూర్చుండు అలవాటు మాత్రము మా యింట మిగిలినది. నేటికిని ఈ ఊరి పంచాయతీకి, సహకార సంఘమునకు లెక్కలు వ్రాయుచు కాలము గడపుచున్నాను. భారత భాగవతములను, కొన్ని నాటకములను నేను చదువుకొన్నది ఏ కళాశాలలోను గాదు. రాత్రివేళల ఈ గ్రంథాలయపు బల్లలమీదనే. కావున నా ప్రసంగమున దోషములున్నచో అవి నావి. గుణమేమైన నున్నచో అది ఈ గ్రంథాలయముది.

నేడు నేను ఎన్నుకొన్న విషయము మీకు వింతగా తోచవచ్చును. సినిమాలకును టెలివిజనునకును కావలసిన పాత చిత్రములను వెదకి తెచ్చు పనిని గూర్చి చెప్పదలచితిని. గ్రంథాలయ సభలో సినిమా ప్రసక్తి యేల యని పెద్దలు అనుకొందురేమో. ఈ పనికిని గ్రంథాలయమునకును దగ్గరి చుట్టరికము కలదు. అంతేగాక, ఈ విషయమున నేను మన గ్రంథాలయమునకు ఒక బాకీ పడియున్నాను. అది రూపాయలలో తీరెడి బాకీ కాదు. అదేమో చివర విన్నవించుకొందును.

మనము టెలివిజనులో ఏదో చరిత్ర కార్యక్రమము చూచుచుందుము. ఉప్పు సత్యాగ్రహము ప్రస్తావనకు వచ్చును. కఱ్ఱ చేతబట్టి గాంధీగారు నడచుచుందురు, వెనుక జనము. ఆ దృశ్యము అరనిమిషము కూడ నుండదు. అది అచ్చటికి ఎట్లు వచ్చినదని మనము అడుగము. దానిని ఎవరో ఒక కెమెరామాను ఎండలో నిలువబడి తీసెను. ఎవరో దానిని కడిగి ఆరబెట్టిరి. ఎవరో డబ్బాలో పెట్టి పైన పేరు వ్రాసిరి. ఎనుబది తొంబది యేండ్లు ఎవరో కాపాడిరి. తుదకు ఒకరు దాని జాడ పట్టుకొని, అది నిజముగా ఆ దృశ్యమే యని నిశ్చయించుకొని, హక్కుదారునకు సొమ్ము చెల్లించి తెచ్చిరి. ఈ చివరి మనిషి పనిని గూర్చియే నేను చెప్పబోవునది.

ఇట్టి పాత దృశ్యములను ఆ వృత్తివారు ఫుటేజి అందురు. ఫుట్ అనగా అడుగు. ఫిల్మును అడుగులలో కొలుచుటచే ఆ పేరు వచ్చినది. మన సర్వేదారులు భూమిని గొలుసులతో కొలిచినట్లు వారు కాలమును అడుగులతో కొలుతురు. సినిమాశాలలలో వాడుచుండిన 35 మిల్లీమీటర్ల ఫిల్ములో అడుగునకు 16 బొమ్మలుండును. సెకనునకు 24 బొమ్మలు నడచును. కాబట్టి నిమిషమునకు 90 అడుగులు. వెయ్యి అడుగుల చుట్ట పదకొండు నిమిషములలో అయిపోవును. ఈ లెక్కను కొంచెము జ్ఞాపకముంచుకొనుడు, ముందు పనికివచ్చును.

భవభూతి మహాకవి రచించిన ఉత్తరరామచరితము మొదటి యంకమున ఒక చక్కని ఘట్టము కలదు. లక్ష్మణుడు సీతారాములకు వారి పూర్వకథను చిత్రించిన చిత్రములను చూపును. వారు ఒక్కొక్క చిత్రమును చూచుచు తమ గతమును మరల అనుభవింతురు. శూర్పణఖ చిత్రము కనబడగనే సీత వియోగభయముతో తల్లడిల్లును. ఇది చిత్రమే గదా యని రాముడు ఊరడించును. జరిగిపోయినది తిరిగి కన్నులయెదుట నిలుచుటలోని బలమట్టిది. అయితే ఒక్క భేదము. అక్కడ చిత్రకారుడు కథ జరిగిన పిదప తన నేర్పుతో గీసినాడు. ఫిల్ములో నున్నది పిదప గీసినది గాదు. ఆ క్షణమున ఆ మనుష్యునిపై బడి తిరిగివచ్చిన వెలుగే వెండి రేణువులలో నిలిచిపోయినది. కావున మంచి చిత్రమునకు ఇచ్చెడి మెప్పు దీనికి చాలదు. సాక్షికి ఇచ్చెడి గౌరవము దీనికి ఇయ్యవలెను. సాక్షిని వెదకుట, విచారించుట, కాపాడుట — ఈ మూడును ఈ వృత్తిలోని పనులు.

మన దేశమున ఈ పనిని తొలినాళ్లలో తపస్సువలె చేసిన మహనీయుడు ఎ. కె. చెట్టియారుగారు. వారు తమిళదేశమున చెట్టినాడులోని కోట్టైయూరున 1911లో జన్మించిరి. జపానునందును అమెరికాయందును ఫోటోగ్రఫీ నేర్చిరి. 1937లో న్యూయార్కు నుండి ఐర్లండునకు ఓడలో పోవుచుండగా, గాంధీమహాత్ముని జీవితమును చలనచిత్రముగా కూర్పవలెనను సంకల్పము వారికి కలిగినది. అప్పటికి వారికి ఇరువదియారేండ్లు నిండలేదు.

ఎవరికో గాంధీగారి వేషము వేసి నటింపజేయుట వారి యభిప్రాయము గాదు. అంతకు పూర్వము లోకములో ఎవరెవరో తీసియుండిన గాంధీగారి నిజమైన చిత్రములను సేకరించి ఒకచోట కూర్చుటయే వారి యుద్దేశము. ఏ చిత్రము ఏ దేశమున, ఎవరి గదిలో, ఏ డబ్బాలో నున్నదో చెప్పు పట్టిక ఎక్కడను లేదు. ఆ రోజులలో సినిమాశాలలలో కథాచిత్రమునకు ముందు వార్తాచిత్రములు చూపెడివారు. పాథే, ఫాక్స్ మూవీటోన్ మొదలైన విదేశ సంస్థలు వానిని తీసి లోకమంతట పంచెడివి. అసలు ఫిల్ము వారి దేశములలోనే యుండెడిది. 1931లో గుజరాతులోని బోర్సదులో గాంధీగారు మాటలాడుచుండగా తీసిన వార్తాచిత్రము అట్టిదే. మన మహాత్ముని గొంతు మనము వినవలెనన్న అమెరికావారి వాకిలి తట్టవలసి యుండెను.

చెట్టియారుగారు ఆ వాకిళ్లు తట్టుచు నాలుగు ఖండములు తిరిగిరి. ఆ మధ్యలోనే 1939లో ప్రపంచయుద్ధము వచ్చిపడెను. వారు ప్రయాణము చేసినది సుమారు లక్ష మైళ్లు. ముప్పది యేండ్ల కాలములో నూరుమంది వరకు కెమెరామెన్లు తీసిన ఫిల్ము 50,000 అడుగులు వారికి లభించినది. దానినుండి 12,000 అడుగుల చిత్రమును కూర్చిరి. ఇందాకటి లెక్కను ఇక్కడ వేసి చూడుడు. సేకరించినది తొమ్మిదింబావు గంటల చిత్రము. చూపినది రెండు గంటల పదమూడు నిమిషములు. నాల్గవ వంతు కూడ గాదు. ఇంకొక లెక్క కూడ వేసితిని. లక్ష మైళ్లకు యాబదివేల అడుగులనగా రెండు మైళ్ల ప్రయాణమునకు ఒక్క అడుగు ఫిల్ము. అడుగు ఫిల్ము తెరపై నిలుచునది సెకనులో మూడింట రెండు వంతుల కాలము. ఒకసారి రెప్పవేసి తెరచునంత కాలపు గాంధీగారి కొరకు ఆ మనుష్యుడు రెండు మైళ్లు తిరిగెను. ఇంతకంటె భక్తి యేమి కావలెను?

ఆ చిత్రము 1940లో మద్రాసున తమిళ వ్యాఖ్యానముతో విడుదలయ్యెను. తరువాత తెలుగు వ్యాఖ్యానముతోను వెలువడెను. మన తాతలలో కొందరైనను దానిని తెలుగు మాటలతో చూచియుందురు. స్వాతంత్ర్యము వచ్చు తరుణమున, 1947లో, హిందీ వ్యాఖ్యానముతో ఢిల్లీలో ప్రదర్శింపబడెను. 1953లో అమెరికాలో ఆంగ్లమున దానికి కుదించిన రూపమొకటి తయారయ్యెను.

ఇంత శ్రమతో కూర్చిన చిత్రమునకు పట్టిన గతి వినుడు. చెట్టియారుగారు 1983లో స్వర్గస్థులైరి. తరువాత దానిని చూడగోరినవారికి అది కనబడదయ్యెను. చరిత్రకారులు ఎ. ఆర్. వేంకటాచలపతిగారు పట్టుదలతో వెదకగా, అమెరికాలో శాన్ ఫ్రాన్సిస్కోలోని విశ్వవిద్యాలయమున ఆంగ్లరూపపు ప్రతి యొకటి దొరికినది. తమిళ రూపముగాని తెలుగు రూపముగాని వారికి లభింపలేదు. లోకమంతట చెదరియున్నదానిని ఒకచోటికి చేర్చిన చిత్రమే చెదరిపోయినది. వెదకి తెచ్చినవాని పనిని మరల ఇంకొకరు వెదకవలసివచ్చినది.

ఇట్లు ఎందుకు పోవుచున్నవని మీరడుగవచ్చును. మొదటి కారణము ఆ పదార్థమునందే కలదు. 1950 ప్రాంతము వరకు సినిమాశాలల ఫిల్మును నైట్రేటు అను పదార్థముతో చేసెడివారు. అది నిప్పంటుకొన్నచో నీటిలో ముంచినను ఆరదు. దాని మంటకు కావలసిన ప్రాణవాయువు దానిలోనే యుండును. అగ్నికి చిక్కనిది వేడికిని తేమకును జిగురై, పొడియై పోవును. రెండవ కారణము మనుష్యుల యవసరము. ఫిల్ములో వెండి యున్నదని తెలిసి ఆ వెండికొరకే పాత చుట్టలను కరగించిన సందర్భములు లోకములో ఎన్నో కలవు. మూడవ కారణము కాపాడువారు లేకపోవుట. ఫాల్కేగారి తొలి చిత్రము 1913లో వచ్చినది. పూనాలో జాతీయ ఫిల్ము భాండాగారము స్థాపింపబడినది 1964లో. నడుమ ఏబదియొక్క సంవత్సరముల పంట కళ్లములోనే వానకు తడిసినట్లయినది. భాండాగారమునకు తొలినాళ్లనుండి సేవచేసిన పి. కె. నాయరుగారు ఊరూర తిరిగి మిగిలిన గింజలను ఏరి తెచ్చిరి.

ఇంకొక లోటు లెక్కలు వ్రాయువానికి కంటికి గ్రుచ్చుకొనునది. యుద్ధకాలమున పరప్రభుత్వము మన దేశమున వార్తాచిత్ర శాఖను నడిపెను. దానిని 1946లో ఎత్తివేసిరి. మన ప్రభుత్వపు ఫిల్మ్స్ డివిజను 1948లో ఏర్పడెను. స్వాతంత్ర్యము వచ్చినది 1947లో! ఖాతాలో అన్ని పుటలకంటె ముఖ్యమైన పుటను వ్రాయుటకు ఆనాడు గుమాస్తాయే లేడు. విదేశ వార్తాచిత్రకారులును, సొంత పూనికతో కెమెరా పట్టిన మనవారును తీసినవే ఆనాటి రాత్రికి సాక్ష్యములు. నేటికిని ఎవరైన ఆ దృశ్యములు కావలెనన్న ఆ దారులనే వెదకుకొనవలెను.

శాకుంతలములో పోయిన ఉంగరము చేప కడుపున దొరికినట్లు, ఎప్పుడో ఒకప్పుడు అదృష్టము కూడ తోడగును. కెనడా దేశపు ఉత్తరమున డాసన్ అను పట్టణము కలదు. అక్కడ పనిలేని ఫిల్ము చుట్టలను 1929లో ఒక ఈతకొలను పూడ్చుటకు మట్టితోపాటు వేసిరి. 1978లో నేల త్రవ్వగా 533 చుట్టలు బయటపడినవి. అక్కడి గడ్డకట్టిన నేల వానిని అరువంతలైనను కాపాడినది. అయితే అది మంచుదేశము. మన కృష్ణాతీరపు ఉక్కలో నేల దేనిని దాచిపెట్టదు, చెదలు దాచనీయదు. మనకు చేప కడుపును నమ్ముకొనుట తగదు.

సాక్షి దొరికినంతమాత్రమున పని తీరలేదు. విచారణ చేయవలెను. మొదటి ప్రపంచయుద్ధమున ఫ్రాన్సులోని సోమ్ నదీ ప్రాంతపు పోరాటమును గూర్చి 1916లో ఇంగ్లండులో ఒక చిత్రము వచ్చినది. అందులో సైనికులు కందకము నుండి పైకెక్కుచు కూలిపోవు దృశ్యము జగత్ప్రసిద్ధము. ఎన్నో చిత్రములలో దానిని నిజమైన యుద్ధమని చూపుచు వచ్చిరి. నిపుణులు పరిశీలించి, ఆ భాగము యుద్ధరంగమున తీసినది గాదనియు, వెనుకనున్న శిక్షణస్థలమున నటింపజేసి తీసినదనియు నిర్ణయించిరి. ఆ చిత్రములోని తక్కిన భాగములు చాలవరకు నిజమైనవే. నిజములైన వందమంది సాక్షుల నడుమ ఒక కూటసాక్షి కూర్చున్నట్లు.

కావున వెదకువారు డబ్బాపైనున్న పేరును నమ్మి ఊరకుండరు. వీధిలోని దుకాణపు బోర్డులను చదువుదురు. నీడల దిక్కును చూతురు. బండ్లను, దీపస్తంభములను, స్త్రీల కట్టుబొట్టులను పరికింతురు. బొమ్మల వేగమును కూడ లెక్కింతురు. మూకీల కాలమున కెమెరాను చేతితో త్రిప్పెడివారు. సెకనునకు సుమారు 16 బొమ్మలు పడెడివి. దానిని 24 బొమ్మల వేగమున నడిపినచో మూడు సెకనుల నడక రెండు సెకనులలో ముగిసిపోవును. పాత చిత్రములలో మనుష్యులు పరుగులిడుచున్నట్లు కనబడుటకు ఇదియే కారణము. గాంధీగారు సహజముగనే వడిగా నడచెడివారు. దానికి యంత్రము మరికొంత వడి చేర్చి, పెద్దవారిని నవ్వులపాలు చేసినది. తెలిసినవారు ఆ వేగమును సరిదిద్ది మనుష్యునికి తన నడక తనకు ఇత్తురు.

ఈ విచారణలో వారికి పెద్ద తోడు పాత వార్తాపత్రిక. ఆ దినమున ఆ నాయకుడు ఆ ఊరికి వచ్చెనా, వర్షము కురిసెనా, వేదికపై ఎవరెవరు కూర్చుండిరి — ఇవన్నియు పత్రికలో నుండును. వేటపాలెములోని సారస్వత నికేతనము 1918లో వెలసినది. 1929లో దాని భవనమునకు గాంధీగారు శంకుస్థాపన చేసిరి. పాత పత్రికలను కంటికి రెప్పవలె కాపాడుటచే దానికి దేశమున పేరు కలిగినది. ఒక పల్లెటూరి గ్రంథాలయపు బీరువా, ఎక్కడో నగరములో కూర్చున్న పరిశోధకుని సందేహమును తీర్చుచున్నది. గ్రంథాలయమునకును ఈ వృత్తికిని చుట్టరికమున్నదని నేనన్నది ఇందుకే. నేటి దినములలో లేని దృశ్యమును ఉన్నట్లు యంత్రమే కల్పింపగలుగుచున్నది. అట్టి కాలమున మూలము తెలిసిన ఒక్క అడుగు ఫిల్ము, మూలము తెలియని వెయ్యి అడుగులకంటె విలువైనది.

ఇక హక్కుల మాట. చుట్ట ఎవరి యింట నున్నదో వారే హక్కుదారులు కాకపోవచ్చును. పొలము అనుభవములో నున్నవాడు ఒకడు, పట్టాదారు వేరొకడు అగుట మనమెరుగని విషయము గాదు. 1957 నాటి మన కాపీరైటు చట్టము ప్రకారము, చలనచిత్రము వెలువడిన మరుసటి సంవత్సరారంభము నుండి అరువది యేండ్లు హక్కుండును. కావలసినవారికి ముందుగా నమూనా ప్రతి నిత్తురు. దానిపై సంస్థ గుర్తు ముద్రించియుండును. ఒక మూల గడియారములోవలె అంకెలు నడచుచుండును. ఏ అంకె మొదలు ఏ అంకె వరకు కావలెనో వ్రాసి పంపవలెను. ఎన్ని సెకనులు, ఏ దేశములలో, ఎన్ని యేండ్లు చూపుదురను దానినిబట్టి వెల నిర్ణయింతురు. ఒప్పందము వ్రాసికొన్న పిదపనే శుభ్రమైన ప్రతి చేతికి వచ్చును. దస్తావేజు లేని క్రయము భూమిలో చెల్లనట్లే ఇందులోను చెల్లదు.

మహాజనులారా! ఇక నా బాకీ.

1977 నవంబరు 19వ తేదీ నాటి ఉప్పెనను గూర్చి ఈ తీరమున ఎవరికిని వివరింప నక్కరలేదు. నాకప్పుడు ఏడేండ్లు. ఆ తరువాతి వారములలో సహాయము చేయవచ్చిన ఒక బృందమువారు మన బడివద్ద గంజి కేంద్రము నడిపిరి. వారిలో ఒకరి చేతిలో 16 మిల్లీమీటర్ల చిన్న కెమెరా యుండెనట. వారు తీసిన చిత్రమునకు ప్రతి నొకదానిని ఆనాటి ప్రధానోపాధ్యాయులకు పంపిరి. అది నూరడుగుల చుట్ట. అరచేతి వెడల్పు తగరపు డబ్బా. ఆ కొలత ఫిల్ములో నూరడుగులనగా మూడు నిమిషములకు లోపు. 2000లో మన గ్రంథాలయము వెలసినప్పుడు ఆ మాస్టారు దానిని బహూకరించిరి. చూచుటకు యంత్రము లేనందున అది బీరువాలోనే యుండిపోయెను.

2007లో సరుకు తనిఖీ నాకు అప్పగించిరి. బీరువా తెరువగనే ముక్కుపుటము లదరునట్లు పుల్లని వాసన. డబ్బా మూత తీసి చూచితిని. ఫిల్ము వంకర తిరిగి యుండెను. కుళ్లిపోయినదనుకొంటిని. నిలువ పట్టీలో నా చేతితో ‘పనికిరాని డబ్బా – 1’ అని వ్రాసి గీత కొట్టితిని. పాత పత్రికలతో కలిపి తూకమునకు అమ్మించితిని. జమ 212 రూపాయలు. లెక్క పైసతో సహా సరిపోయినది. తనిఖీ చక్కగా జరిగినదని ఆనాటి కమిటీవారు నన్ను మెచ్చుకొనిరి.

2018లో హైదరాబాదు నుండి ఒక యువతి వచ్చినది. టెలివిజను చిత్రములకు పాత దృశ్యములను వెదకి తెచ్చుట ఆమె వృత్తి. ఉప్పెనను గూర్చి ఒక చిత్రము తయారగుచున్నదట. సహాయ బృందమువారి పాత నివేదికలో, ఒక ప్రతిని మన ఊరి ప్రధానోపాధ్యాయులకు పంపినట్లు ఒక్క వాక్యము ఆమెకు కనబడినదట. బృందమువారి వద్దనున్న ప్రతి తేమకు ముద్దయై పోయినదట. ఆ ఒక్క వాక్యమును పట్టుకొని ఆమె మూడు బస్సులు మారి వచ్చినది.

నేను మారుమాటాడక నిలువ పట్టీ తెచ్చి ముందుంచితిని. ఆమె చదివి కొంతసేపు మౌనముగా నుండి, “వాసన ఎట్లుండెనండీ?” అని అడిగినది. చెప్పితిని. “అది వెనిగరు వాసనండీ. ఎసిటేటు ఫిల్ము పాడగుట మొదలైనప్పుడు అట్లే వచ్చును. అది రోగపు వాసనే గాని చావు వాసన కాదు. అప్పటికప్పుడు ప్రతి తీసియుండినచో చాలవరకు దక్కెడిది” అన్నది. నా తల వంగిపోయెను. “అమ్మా, నన్ను క్షమింపుము” అంటిని. ఆమె, “లేదండీ. పోయినదని మీరు వ్రాసియుంచుట కూడ మేలే. లేకున్న నేను ఇంకను వెదకుచునే యుందును” అని ఆ పుటకు ఫోటో తీసికొన్నది.

పోవుటకు ముందు ఆమె తన సంచినుండి ఒక కాగితము తీసినది. ఆ చిత్రము తీసినవారు ఆనాడే వ్రాసిన దృశ్యముల పట్టిక యది. మనవారి పేర్లు తెలిసిన చోట ఎవరైన గుర్తింతురేమో యని చదివి వినిపించినది. బడి గోడ; కూలిన చెట్టు; గంజి గుండిగలు; వరుసలో జనము. అందులో ఒక పంక్తి: చంకలో ఆడబిడ్డతో, చేతిలో ఇత్తడి చెంబుతో ఒక స్త్రీ.

మా చెల్లెలు అప్పటికి ఏడాది బిడ్డ. ఉప్పెన తరువాత మా యింట మిగిలిన పాత్ర ఇత్తడి చెంబొకటి. మా అమ్మ 1985లో కాలము చేసినది. ఆమెకు ఫోటో లేదు. ఆ వరుసలోని స్త్రీ మా అమ్మయే యని నేను చెప్పజాలను. ఆ దినములలో చంకన బిడ్డయు చేత చెంబును గల తల్లులు ఈ ఊరిలో ఎందరో యుందురు. ఆమె మీ అమ్మయు కావచ్చును. కావచ్చునో కాదో ఇక ఎన్నడును తెలియకుండ చేసినది నా కలము. ఆ 212 రూపాయలలో ఆ డబ్బా వంతు ఎంత పడినదో నేను లెక్క వేయలేదు. అన్ని లెక్కలు వేయువాడను, ఆ లెక్కకు మాత్రము చేయి రాలేదు.

ఈ బాకీ నేను తీర్పలేను. వడ్డీయైన చెల్లించుకొందునని మూడు విన్నపములు చేయుచున్నాను.

మొదటిది: ఈ రజతోత్సవ సందర్భమున గ్రంథాలయములో ఒక బీరువాను ఊరి చరిత్రకు ప్రత్యేకింపుడు. పాత ఫోటోలు, ఉత్తరములు, పెండ్లి వీడియో క్యాసెట్లు, కరపత్రములు, పాత ఫిల్ములు ఏవి యున్నను అందులో చేర్పుడు. తడి తగులని గోడవద్ద, నేలకు జానెడెత్తున నుంచుడు. దానికి వేరుగా ఒక పట్టీ తెరువుడు. ఆ పట్టీని జీవించియున్నంత కాలము నేను వ్రాసెదను.

రెండవది: మీ మీ యిండ్లలోని ప్రతి ఫోటో వెనుక మెత్తని పెన్సిలుతో ఎవరు, ఎక్కడ, ఏ సంవత్సరము అని నేడే వ్రాయుడు. మీ చేతి ఫోనులలోని చిత్రములకును ఇదే విన్నపము. ఇంట పెద్దలు ఉన్నప్పుడే అడిగి వ్రాసికొనుడు. మీకు తెలిసిన పేరు మీ మనుమలకు తెలియదు. పేరు లేని చిత్రము సరిహద్దులు లేని పొలమువంటిది. ఎవరు తమదన్నను కాదనలేము.

మూడవది: కమిటీవారికి. ఇకమీదట మన నిలువ పట్టీలో ఏ వస్తువుకైనను పనికిరానిదని ఒక్కరి మాటమీద వ్రాయరాదు. తెలిసినవారికి ఒక ఉత్తరము వ్రాసి, బదులు వచ్చువరకు ఆగవలెను. ఒక తపాలా బిళ్ల వెలకు నేను వెనుకాడినందున ఏమి పోయినదో మీరు వినియున్నారు.

చెట్టియారుగారు రెండు మైళ్లకు ఒక అడుగు చొప్పున లోకమును వెదకిరి. మన యింటిలో నున్న నూరడుగులను నేను బయట పారవేసితిని. ఇరువదియైదేండ్లు నిండిన ఈ గ్రంథాలయము ఏబదియేండ్లు నిండిన నాడు, ఈ ఊరి చిత్రము కావలెనని ఎవరైన మూడు బస్సులు మారి వచ్చినచో, ఆనాటి గుమాస్తా పట్టీ తెరచి, తలవంపు లేక, “ఉన్నదమ్మా, కూర్చుండుము, తెచ్చెదను” అని చెప్పగలుగుగాక!